యూట్యూబ్‌లో దొరికిన "పాత మద్రాసు" క్లిప్పు వాడుకోవచ్చా? 1952-53 ఫుటేజీ ఎక్కడ వెతకాలి?

రాయపేట పరిశోధన | సోమవారం ఉదయం 10:12

నమస్కారం అండి. చెన్నైలో ఒక డాక్యుమెంటరీ బృందంలో పరిశోధన పని చూస్తున్నాను. విషయం పొట్టి శ్రీరాములు గారి నిరాహార దీక్ష. 1952 అక్టోబరు 19న దీక్ష మొదలు, డిసెంబరు 15 రాత్రి ఆయన కన్నుమూత, 1953 అక్టోబరు 1న కర్నూలు రాజధానిగా ఆంధ్ర రాష్ట్రం. ఏడాది కూడా నిండని కాలం. దాన్ని మద్రాసు వీధుల నుంచి చూపించాలని దర్శకుడి ఆలోచన. రెండు భాగాలు, ఒక్కొక్కటి 45 నిమిషాలు.

దీక్ష జరిగిన రాయపేట హైరోడ్డు ఇంట్లో షూటింగ్ అయిపోయింది. దీక్షకు సంబంధించి నాకు ఇంతవరకు దొరికినవన్నీ ఫొటోలే, కదిలే బొమ్మ ఒక్కటీ లేదు. ఆ ఖాళీ పూడ్చడానికి మా ఎడిటర్ గారు యూట్యూబ్ నుంచి 38 సెకన్ల క్లిప్పు ఒకటి దించి రెండు చోట్ల వాడారు. దాని పేరు "పాత మద్రాసు, 1950లు". ట్రాము, గుమ్మటం ఉన్న పెద్ద భవనం, పంచెలు కట్టుకున్న జనం, లాగుడు రిక్షా కనిపిస్తాయి. చాలా బాగుంది. ఎడిట్ లాక్ కూడా అయింది, అంటే కూర్పు ఇక మార్చకూడదన్నమాట.

నిన్న ఓటీటీ సంస్థ లీగల్ విభాగం నుంచి మెయిల్ వచ్చింది. ప్రతి పాత దృశ్యానికీ అది ఎక్కడి నుంచి వచ్చింది, యజమాని ఎవరు, లైసెన్సు పత్రం ఏది అని పెద్ద పట్టిక పంపారు. గడువు మూడు వారాలు.

నా ప్రశ్నలు రెండు. 70 ఏళ్లు దాటిన దృశ్యం మీద ఇంకా ఎవరికైనా హక్కు ఉంటుందా? పది సెకన్ల లోపు వాడితే అనుమతి అక్కర్లేదని మా ఆఫీసులో అందరూ అంటున్నారు, నిజమేనా?

వడపళని మూవియోలా | సోమవారం ఉదయం 10:41

అమ్మాయీ, ఎడిట్ లాక్ చేశాక ఫుటేజీ హక్కులు అడగడమంటే తాళి కట్టాక గోత్రం అడగడమే. కోపం తెచ్చుకోకు. మీ ఎడిటర్ చేసిన పని కొత్తదేమీ కాదు, నేనూ చేశాను.

1990లలో ఒక టీవీ కార్యక్రమానికి మద్రాసు తుపానుల మీద ఎపిసోడు కట్ చేస్తున్నాను. రాత్రి రెండయింది, తెల్లారితే టేపు వెళ్లాలి. బీరువాలో "వరదలు" అని రాసి ఉన్న క్యాసెట్ తీసి అందులోంచి నాలుగు షాట్లు అతికించాను. నీళ్లు నీళ్లే కదా అనుకున్నాను. ప్రసారమైన వారానికి ఒక పోస్టుకార్డు వచ్చింది. "మీరు మద్రాసు అని చూపించిన వీధి మాది, మునిగిన సైకిల్ షాపు మా మేనమామది" అని రాశారు. తిట్టలేదు, అంతే రాశారు. తిట్టి ఉంటే మరచిపోయేవాడిని.

కాబట్టి హక్కుల సంగతి తర్వాత. ముందు ఆ క్లిప్పులో ఉన్నది మద్రాసేనా? లింకు పెట్టు.

హక్కుల పత్రం | సోమవారం మధ్యాహ్నం 12:05

వృత్తిరీత్యా న్యాయవాదిని, సినిమా ఒప్పందాలే చూస్తాను. రెండో ప్రశ్నకు ముందు జవాబిస్తాను, ఎందుకంటే అది చిన్నది. పది సెకన్లు, ఏడు సెకన్లు, ముప్పై సెకన్లు అనే లెక్క మన కాపీరైట్ చట్టంలో ఎక్కడా లేదు. సెక్షన్ 52లో విమర్శ, సమీక్ష, వర్తమాన వార్తల నివేదన వంటి వాటికి మినహాయింపు ఉంది. అక్కడ చూసేది దేనికి వాడారు, ఎంత న్యాయంగా వాడారు అన్నది. తెర ఖాళీగా ఉందని వీధి దృశ్యం పెట్టడం విమర్శ కాదు, సమీక్షా కాదు.

మొదటి ప్రశ్న కొంచెం పెద్దది. 1957 చట్టం ప్రకారం సినిమా ఫిల్ముకు రక్షణ 60 ఏళ్లు. మొదట 50 ఉండేది, 1992లో పెంచారు. లెక్క విడుదలైన రోజు నుంచి కాదు, తర్వాతి సంవత్సరం జనవరి 1 నుంచి. అంటే 1952లో విడుదలైన న్యూస్‌రీలుకు (వార్తాచిత్రానికి) మన దేశంలో 2012 డిసెంబరు 31తో గడువు తీరింది. 1953ది 2013తో తీరింది. ఇంతవరకు మీ అనుమానం రైటే.

ఇక్కడితో ఆగిపోతే మునిగిపోతారు. గడువు తీరింది ఇక్కడ. మీ ఓటీటీ ప్రపంచమంతా చూపిస్తుంది. ఇక్కడ తీరిన హక్కు అమెరికాలో ఇంకా బతికి ఉండవచ్చు, అక్కడి లెక్క వేరు. సినిమా ముక్క అయితే పాట సాహిత్యం, బాణీ వేరు ఆస్తులు. వాటికి రచయిత, స్వరకర్త చనిపోయాక 60 ఏళ్లు. ఫిల్ము హక్కు పోయినా పాట హక్కు మిగిలి ఉండవచ్చు.

అన్నిటికన్నా ముఖ్యమైనది, హక్కు వేరు, ప్రతి వేరు. ఊరి చెరువులో నీళ్లు అందరివీ కావచ్చు, నీళ్లు తోడే మోటారు ఒకరిది. గడువు తీరిన ఫిల్మే అయినా శుభ్రంగా స్కాన్ చేసిన మాస్టర్ ఎవరి దగ్గర ఉందో వాళ్లు రుసుము అడుగుతారు, షరతులు పెడతారు. అది కాపీరైట్ కాదు, ఒప్పందం. యూట్యూబ్‌లో ఎక్కించినవారి దగ్గర ఈ రెండింటిలో ఏదీ ఉండకపోవచ్చు.

రాయపేట పరిశోధన | సోమవారం మధ్యాహ్నం 12:30

చెరువు, మోటారు పోలిక దర్శకుడికి చదివి వినిపించాను, ఆయనకు ఒక్కసారిగా అర్థమైంది. ధన్యవాదాలు. లింకు మూవియోలా గారికి, పాత మద్రాసు పిచ్చి గారికి పంపాను.

పాత మద్రాసు పిచ్చి | సోమవారం రాత్రి 9:18

భోజనం మానేసి చూశాను. పాతిక సార్లు.

ముందుగా, లాగుడు రిక్షా చూసి కలకత్తా అనేసేవాళ్లున్నారు, నేను అలా అనను. మద్రాసులోనూ 1970ల దాకా అవి తిరిగాయి. ట్రాము కూడా సాక్ష్యం కాదు, మన దగ్గర 1895 నుంచే నడిచింది. గుమ్మటమా, తెల్లవాళ్లు ప్రతి ఊళ్లోనూ ఒకటి కట్టి పోయారు.

ఇప్పుడు 21వ సెకను దగ్గర ఆపండి. ట్రాము పక్కకు తప్పుకోగానే కుడి మూల గొడుగుల షాపు బోర్డు అర సెకను కనిపిస్తుంది. ఫ్రేము ఫ్రేముగా జరపండి. మూడు ఫ్రేములు మాత్రమే స్పష్టంగా ఉన్నాయి. ఆ అక్షరాల నెత్తిన బారుగా గీత ఉంది. మన తలకట్టు కాదది, ఒక్కో అక్షరానికి విడిగా లేదు, పదం పొడుగునా దుప్పటి ఆరేసిన తీగలా సాగింది. తమిళానికీ తెలుగుకూ అలాంటి గీత ఉండదు. గీత కింద అక్షరాల తీరు చూస్తే అది బెంగాలీ. 33వ సెకనులో వెనక గోడ మీద ఇంకో బోర్డు, అదే గీత.

మీ క్లిప్పు కలకత్తా అండి.

కోడంబాక్కం కుర్రాడు | సోమవారం రాత్రి 9:40

ఒక బెంగాలీ ఆయన మద్రాసులో గొడుగుల షాపు పెట్టుకోకూడదా?

పాత మద్రాసు పిచ్చి | సోమవారం రాత్రి 9:52

పెట్టుకోవచ్చు తమ్ముడూ. ఇంగ్లీషు, తమిళం, తెలుగు ఏవీ లేకుండా ఒక్క బెంగాలీలోనే బోర్డు రాయించుకుంటే గొడుగులు ఎవరికి అమ్ముతాడు? ఎదురు వరసలో ఇంకొకడు కూడా అలాగే రాయించుకోవాలి. నేను మొండివాడినే కానీ అంత కాదు.

పరిశోధన గారూ, మద్రాసు షాటు దొరికితే కాలం తేల్చడానికి ఈ రెండు గుర్తులు పెట్టుకోండి. మద్రాసులో ట్రాములు 1953 ఏప్రిల్ 12న ఆగిపోయాయి. ఆగిన తర్వాత మళ్లీ నడవలేదు. అంటే డిసెంబరు 1952 కథనం మీద ట్రాము పెడితే ఒప్పు, అక్టోబరు 1953 మీద అదే ట్రాము పెడితే తప్పు. మీ ఎడిటర్ గారు రెండు చోట్ల వాడారన్నారు కదా, రెండోది ఎక్కడో చూసుకోండి. ఇంకొకటి, మౌంట్ రోడ్డు దృశ్యంలో పూర్తయిన ఎల్ఐసీ భవనం కనిపిస్తే అది 1959లోనో ఆ తర్వాతో తీసింది. 1950ల తొలినాళ్ల మద్రాసు అని పేరు పెట్టి అందులో ఆ పద్నాలుగు అంతస్తుల భవనం నిలబెట్టిన వీడియోలు నేను చాలా చూశాను.

సినిమా పోస్టర్లు ఇంకా మంచి సాక్షులు. గోడ మీద పోస్టరు చదవగలిగితే విడుదల తేదీని బట్టి ఆ షాటు నెలతో సహా తెలుస్తుంది. పోస్టరు ఎంత కొత్తగా ఉందో, ఎంత చిరిగిందో కూడా చూడాలి.

రాయపేట పరిశోధన | మంగళవారం ఉదయం 9:05

రెండోది కర్నూలు సభకు ముందు, మద్రాసు నుంచి ఆఫీసులు తరలివెళ్లే కథనం మీద ఉంది. అంటే సెప్టెంబరు 1953. ఊరూ తప్పు, కాలమూ తప్పు. ఎడిటర్ గారికి ఆ మూడు ఫ్రేములు పెద్దవి చేసి చూపించాను. చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత "అందమైన షాటమ్మా" అన్నారు. ఎడిట్ తెరిచారు.

ఇప్పుడు నిజంగా వెతకాలి. ఎక్కడ మొదలుపెట్టాలి?

న్యూస్‌రీలు | మంగళవారం ఉదయం 11:20

ఈ పనిలోనే ఉన్నాను కాబట్టి నేను వెళ్లే దారి చెబుతాను.

మీ కాలానికి మొదటి గుమ్మం ఫిల్మ్స్ డివిజన్ న్యూస్‌రీళ్లు. 1948లో మొదలైన సంస్థ అది. టీవీ లేని రోజుల్లో వారం వారం న్యూస్‌రీలు తయారయ్యేది, దేశమంతా సినిమాకు ముందు వేసేవారు. తెలుగు వ్యాఖ్యానంతోనూ వచ్చేవి. అందుకే మన తాతలకు నెహ్రూ గొంతు కన్నా ఆయన మీద వ్యాఖ్యానం చెప్పిన గొంతే ఎక్కువ గుర్తు. అంతకుముందు బ్రిటిష్ ప్రభుత్వం నడిపిన యూనిట్‌ను 1946లో మూసేశారు. దాంతో 1947 ఆగస్టు 15ను చిత్రీకరించడానికి ప్రభుత్వానికి సొంత యూనిట్ లేకపోయింది. ఈ సంగతి తెలియక ఆ రోజు ఫుటేజీ కోసం ప్రభుత్వ తలుపు ఒక్కటే కొట్టేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు.

2022లో ఫిల్మ్స్ డివిజన్నూ, 1964లో పుణేలో పెట్టిన జాతీయ ఫిల్ము ఆర్కైవునూ జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ (ఎన్ఎఫ్‌డీసీ)లో కలిపారు. కాబట్టి ఇప్పుడు లేఖ రాయాల్సింది ఎన్ఎఫ్‌డీసీకి. లేఖలో "1950ల మద్రాసు దృశ్యాలు కావాలి" అని రాయకండి. అలా రాస్తే జవాబు రాదు, వచ్చినా "కేటలాగు చూసుకోండి" అని వస్తుంది. మీరే కేటలాగు చూసి, 1952 అక్టోబరు నుంచి 1953 అక్టోబరు దాకా ప్రతి సంచిక విషయసూచిక చదివి, సంచిక నంబరు, విడుదల తేదీ, అంశం పేరుతో పట్టిక పంపండి. కర్నూలులో నెహ్రూ ఆంధ్ర రాష్ట్రాన్ని ప్రారంభించిన సభ లాంటిది ఏ శీర్షిక కింద ఉంటుందో ఊహించండి. "ఆంధ్ర" అనే మాట శీర్షికలో ఉండకపోవచ్చు. "కొత్త రాష్ట్రం", "ప్రధాని పర్యటన", "కర్నూలు" అన్నీ వెతకాలి. కర్నూలుకు ఇంగ్లీషు స్పెల్లింగులు ఎన్ని ఉన్నాయో అన్నిటితోనూ వెతకండి.

రెండో గుమ్మం మనవాళ్లు తట్టనిది. కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయం దక్షిణాసియా అధ్యయన కేంద్రంలో, ఇక్కడ ఉద్యోగాలు చేసిన తెల్ల కుటుంబాలు తీసుకున్న ఇంటి సినిమాలు ఉన్నాయి. ఆన్‌లైన్‌లోనే చూడవచ్చు. పిల్లల పుట్టినరోజు, కుక్కలు, తోట, మళ్లీ కుక్కలు. ఓపికగా చూస్తే కుక్క వెనకాల వీధి కనిపిస్తుంది. మీ కాలానికి ముందువే ఎక్కువ, కానీ "ఒకప్పటి మద్రాసు" అనే నేపథ్యానికి పనికొస్తాయి. బ్రిటిష్ ఫిల్ము ఇన్‌స్టిట్యూట్ వాళ్లు 1899 నుంచి 1947 దాకా భారతదేశంలో తీసిన చిత్రాల సంకలనం కూడా ఆన్‌లైన్‌లో పెట్టారు.

మూడోది బ్రిటిష్ పాథే, ఇంగ్లండులోని పాత న్యూస్‌రీలు సంస్థ. 2014లో 85,000 చిత్రాలు యూట్యూబ్‌లో పెట్టారు. చూడటం ఉచితం, వాడటం కాదు. ఈ తేడా తెలియక బోల్తా పడినవాళ్లు కోకొల్లలు. అమెరికా వైపు యూనివర్సల్ న్యూస్‌రీళ్లు వేరే కథ. 1929 నుంచి 1967 దాకా తీసినవాటిని ఆ సంస్థ 1970లలో అమెరికా జాతీయ ఆర్కైవుకు అప్పగించి హక్కులు వదులుకుంది. వాటిలో ఇండియా ముక్కలు అక్కడక్కడా ఉన్నాయి.

ఎక్కడ అడిగినా ముందు స్క్రీనర్ అడగండి. టైమ్‌కోడ్, వాటర్‌మార్క్ ఉన్న తక్కువ నాణ్యత ప్రతి ఇస్తారు. ఎడిట్ దానితో చేసుకుని, చివరికి ఏ సెకను నుంచి ఏ సెకను దాకా వాడారో తేల్చి మాస్టర్ కొనండి. రేటు సెకన్ల లెక్కన ఉంటుంది, కనీస నిడివి ఇంత అని షరతు ఉంటుంది. ఒకే చోటి నుంచి మూడు సెకన్ల ముక్కలు పది తీసుకునే కన్నా 30 సెకన్ల ముక్క ఒకటి తీసుకోవడం చౌక పడుతుంది.

టేపుల బీరువా | మంగళవారం మధ్యాహ్నం 3:15

ఒక తెలుగు టీవీ సంస్థలో పద్దెనిమిదేళ్లు టేపుల గది చూశాను. సంస్థ పేరు చెప్పను.

1952కి టీవీ ఫుటేజీ అడిగేవాళ్లు ఇప్పటికీ వస్తారు. మద్రాసు దూరదర్శన్ మొదలైందే 1975 ఆగస్టు 15న. హైదరాబాదు 1977లో. అయినా టీవీ వైపు చూడవద్దని అనను. 1952లో పాతికేళ్లున్నవాళ్లు 1980లలో యాభై దాటినవాళ్లు. అప్పట్లో వాళ్లను ఇంటర్వ్యూ చేసి ఉంటే ఆ టేపులే మీకు అసలైన నిధి. దీక్షను చూసిన కళ్లు, ఆ రోజు వీధిలో నిలబడ్డ కాళ్లు. ప్రసార భారతి ఆర్కైవుకు ఆ కోణంలో రాయండి. వ్యక్తుల పేర్లతో వెతకమనండి, విషయంతో కాదు.

ఎందుకంటే లేబుళ్ల సంగతి నాకు తెలుసు. నేను చేరిన రోజు మా గదిలో 400 యూమ్యాటిక్ క్యాసెట్లు ఉండేవి. అందులో దాదాపు సగం మీద రాసి ఉన్నది "జనరల్". కొన్నిటి మీద "జనరల్ 2". ఒకదాని మీద "ముఖ్యం, చెరపవద్దు" అని ఎర్ర సిరాతో రాసి ఉంది, లోపల ఒక ఉద్యోగి చెల్లెలి పెళ్లి. ఎవరూ చెరపవద్దని రాయని క్యాసెట్ల మీద మాత్రం మళ్లీ మళ్లీ రికార్డు చేశారు. టేపు ఖరీదు అలాంటిది. నేను చూస్తుండగా ఒక పెద్ద గాయకుడి రెండు గంటల సంభాషణ మీద వంటల కార్యక్రమం ఎక్కింది. ఆపలేకపోయాను, కొత్తగా చేరాను. ఆ వంటల కార్యక్రమం మాత్రం ఇప్పటికీ భద్రంగా ఉంది.

కోడంబాక్కం కుర్రాడు | మంగళవారం సాయంత్రం 5:48

ఇన్ని ఉత్తరాలు, ఇన్ని గుమ్మాలు ఎందుకు? మూడు వారాల్లో అయ్యే పనేనా? ఏఐతో నలుపు తెలుపు మద్రాసు వీధి, ట్రాము, జనం చేసి, కాస్త గీతలు, మరకలు వేస్తే ఎవరూ గుర్తుపట్టరు. హక్కుల గొడవే ఉండదు. నేను ఒక సిరీస్‌కు చేశాను, ఎవరూ ఏమీ అనలేదు.

వడపళని మూవియోలా | మంగళవారం సాయంత్రం 6:02

ఎవరూ గుర్తుపట్టకపోవడమే దాని దోషం బాబూ. కాల్పనిక సినిమా అయితే నీ ఇష్టం, సెట్ వేసినా గ్రాఫిక్స్ చేసినా కథే. ఇది ఒక మనిషి ఆకలితో చనిపోయిన 58 రోజుల సంగతి. అందులో నువ్వు పుట్టించిన జనాన్ని ఏడిపించి "1952 మద్రాసు" అని వేస్తే, రేపు ఎవడో దాన్ని కత్తిరించి యూట్యూబ్‌లో పెడతాడు. పదేళ్ల తర్వాత ఇంకో అమ్మాయి ఈ వేదికలోనే వచ్చి లింకు ఇస్తుంది. అప్పుడు పిచ్చి గారు ఏ బోర్డు చదవాలి? నీ ఏఐ రాసిన బోర్డు ఏ ఊరికీ సాక్ష్యం కాదు.

కోడంబాక్కం కుర్రాడు | మంగళవారం సాయంత్రం 6:10

కింద "కల్పిత దృశ్యం" అని వేస్తే?

హక్కుల పత్రం | మంగళవారం సాయంత్రం 6:35

వేస్తే నిజాయితీ ఉంటుంది, దృశ్యం ఉన్నంతసేపూ ఉండాలి. కానీ చాలా సంస్థల ఒప్పందాల్లో ఏఐ వాడితే ముందే చెప్పాలన్న షరతు వస్తోంది, మీది చదివి చూసుకోండి. వ్యక్తిగతంగా నాకు మూవియోలా గారి మాటే నచ్చింది. ఫొటోలున్నాయి, ఇల్లు ఉంది, పత్రికలున్నాయి. కదిలే బొమ్మ లేకపోతే లేదు.

రాయపేట గారూ, లైసెన్సు పత్రం రాసుకునేటప్పుడు ఒక్కటి చూసుకోండి, ఇక్కడ తెలిసినవాళ్లు కూడా తప్పుతారు. కాలపరిమితి రాయకపోతే చట్టం దాన్ని ఐదేళ్లుగా లెక్కిస్తుంది. ప్రాంతం రాయకపోతే భారతదేశం మాత్రమే. ఐదేళ్ల తర్వాత మీ డాక్యుమెంటరీ ఓటీటీలో ఉండగానే మీరు కొన్న ముక్కకు లైసెన్సు ఉండదు. అందుకని చిత్రోత్సవాల ప్రదర్శన, ఇక్కడి టీవీ, ప్రపంచవ్యాప్త ఓటీటీ అని మూడు స్థాయిలకు ముందే రేటు రాయించుకోండి. ఇప్పుడు చిన్నదానికి డబ్బు కట్టినా, రేపు పెద్దదానికి వెళ్లినప్పుడు అదే ధర నిలబడాలి. సినిమా పేరు పెరిగాక అడిగితే ధర కూడా పెరుగుతుంది.

యజమాని ఎంత వెతికినా దొరకని వాటికి సెక్షన్ 31ఎ దారి ఉంది. పత్రికా ప్రకటన ఇచ్చి, కోర్టు ద్వారా లైసెన్సు తీసుకోవడం. మూడు వారాల్లో అది సాధ్యం కాదు, కానీ దారి ఉందని తెలిసి ఉండాలి.

న్యూస్‌రీలు | మంగళవారం రాత్రి 8:20

పాత తెలుగు సినిమాల్లో మద్రాసు వీధులు కనిపించే ముక్కలు ఎందుకు అడగరు? స్టూడియోలు ఇక్కడే ఉండేవి, అవుట్‌డోర్ అంటే మెరీనా, గిండీ.

హక్కుల పత్రం | మంగళవారం రాత్రి 8:44

అడగవచ్చు, గుండె గట్టిగా ఉంటే. నిర్మాత చనిపోయారు, ముగ్గురు కొడుకులు, ఒకరు నెగటివ్ హక్కులు అమ్మారు, ఇంకొకరు శాటిలైట్ హక్కులు అమ్మారు, మూడోవారు ఇద్దరి మీదా కేసు వేశారు. నేను ఒక ఆరు సెకన్ల బీచ్ షాటు కోసం ఐదుగురి సంతకాలు పెట్టించాను. ఐదో ఆయన సంతకం పెట్టి, "ఇంతకీ సినిమా ఎలా ఉంటుంది?" అని అడిగారు. ఆయన చూడలేదట.

సాలిగ్రామం ల్యాబు | బుధవారం ఉదయం 7:30

ఇన్ని మాటల్లో ఫిల్ము సంగతి ఒక్కరూ ఎత్తలేదు. ముప్పై రెండేళ్లు ప్రింటింగ్, ప్రాసెసింగ్ చేసి రిటైరయ్యాను. మీరందరూ ఫుటేజీ ఫుటేజీ అంటున్నారు, ఆ మాట పుట్టింది అడుగుల లెక్క నుంచే. 35 ఎంఎం వెయ్యి అడుగులంటే పదకొండు నిమిషాలు. 16 ఎంఎంలో నాలుగు వందల అడుగులకే అంత వస్తుంది. మా రోజుల్లో "షాటు ఎన్ని సెకన్లు" అని ఎవరూ అడగలేదు, "ఎన్ని అడుగులు" అనేవారు.

ఇంటి సినిమాలు తీసుకుంటే ఒక హెచ్చరిక. అవి సెకనుకు 16, 18 ఫ్రేములతో తీసినవి. స్కాన్ చేసేవాడు అడగకుండా 25కు ఎక్కిస్తాడు. జనం బొమ్మల్లా గబగబా నడుస్తారు. పాత రోజుల్లో మనుషులు అలాగే నడిచేవారని నేటి పిల్లలు నమ్ముతున్నారు. ఎవరూ అలా నడవలేదు. ఫిల్ము వేగం సరిచేయమనండి.

ఇంకొకటి. పైనా కిందా కత్తిరించి 16:9 (ఇప్పటి వెడల్పు తెర) చేయకండి. పాత ఫ్రేము దాదాపు చతురస్రం. కత్తిరిస్తే ముందు పోయేవి తలపాగాలు, బోర్డులు. పిచ్చి గారు చదివిన బోర్డు ఆ మూలలో ఉంది కాబట్టే మీరు బయటపడ్డారు.

రాయపేట పరిశోధన | బుధవారం ఉదయం 11:15

పెద్దాయనా, మీకోసమే ఎదురుచూస్తున్నాను అన్నట్టుగా ఒక సంగతి జరిగింది. ఈ వేదిక చదివిన ఒక స్నేహితురాలు ఫోన్ చేసింది. మైలాపూర్‌లో వాళ్ల అమ్మమ్మ గారి ఇంటి అటక మీద రెండు గుండ్రటి రేకు డబ్బాలు ఉన్నాయట. తాతగారు ప్లీడరు, కెమెరా పిచ్చి ఉండేదట. ఒక డబ్బా మీద తెలుగులో "1952 దసరా" అని ఉంది. రెండోదాని మీద ఏమీ లేదు, మూత తుప్పు పట్టి రావడం లేదు. ఇంట్లో ఎవరూ ఎప్పుడూ వేసి చూడలేదు. నేను శనివారం వెళ్తున్నాను. ఏమి చేయాలి?

పాత మద్రాసు పిచ్చి | బుధవారం ఉదయం 11:17

నన్నూ తీసుకెళ్లండి.

సాలిగ్రామం ల్యాబు | బుధవారం మధ్యాహ్నం 12:40

ముందు ఆశలు కాస్త తగ్గించుకో తల్లీ. 1952 దసరా సెప్టెంబరు చివర్లోనే అయిపోయింది, దీక్ష ఇంకా మొదలు కాలేదు. బొమ్మల కొలువు ఉండవచ్చు, పిల్లలు ఉండవచ్చు, ఏమీ లేకపోవచ్చు. అయినా వెళ్లు.

మూత రాకపోతే స్క్రూడ్రైవరుతో పొడవవద్దు. రబ్బరు సుత్తితో అంచు చుట్టూ మెల్లగా తట్టి, రెండు చేతులతో తిప్పు. తెరవగానే వాసన చూడు. ఊరగాయ జాడీలో వెనిగర్ పోసినట్టు ఘాటుగా వస్తే ఎసిటేట్ ఫిల్ము కుళ్లడం మొదలైందని అర్థం. ఒకసారి మొదలైతే ఆగదు, చల్లగా ఉంచితే నెమ్మదిస్తుంది, అంతే. ఆ డబ్బాను రెండో డబ్బా పక్కన పెట్టవద్దు, ఒకటి రెండోదానికి అంటిస్తుంది. ఫిల్ము బెల్లపు పాకంలా అంటుకుపోయి ఉంటే లాగవద్దు. అలాగే మూసేసి ల్యాబుకు తీసుకెళ్లాలి.

బాగుంటే, కాటన్ గ్లవుజులు వేసుకుని అంచులు మాత్రం పట్టుకుని, మొదటి రెండు అడుగులు వెలుతురుకు ఎదురుగా చూడు. బొమ్మ కన్నా ముందు అంచు చూడు. ఇంటి కెమెరా ఫిల్ము కాబట్టి "సేఫ్టీ" అని, అంటే సులభంగా మండని రకమని, ఉండే అవకాశమే ఎక్కువ. 35 ఎంఎం అయి "నైట్రేట్" అని కనిపిస్తే అక్కడే మూసి నాకు ఫోన్ చెయ్యి, అది నీళ్లలో కూడా మండుతుంది. కొడాక్ అయితే అంచున చిన్న గుండ్రం, చతురస్రం, త్రిభుజం లాంటి గుర్తులు ఉంటాయి. అవి ఫిల్ము తయారైన సంవత్సరం చెప్పే గుర్తులు, ఇరవై ఏళ్లకోసారి మళ్లీ అవే వస్తాయి. ఫోటో తీసి పంపు, నేను చదువుతాను.

ప్రొజెక్టరులో మాత్రం వేయవద్దు. ఇంట్లో పాత ప్రొజెక్టరు ఉందని, మనవళ్లకు చూపిద్దామని ఎవరో ఒకరు అంటారు. ప్రతి ఇంట్లోనూ అంటారు. కుంచించుకుపోయిన ఫిల్ము పళ్ల చక్రంలో ఇరుక్కుని చిరిగిపోతుంది.

హక్కుల పత్రం | బుధవారం మధ్యాహ్నం 1:05

సంతకం మరచిపోవద్దు. ఆ ఫిల్ము ఎప్పుడూ బయట వేయలేదు కాబట్టి నేను పైన చెప్పిన 60 ఏళ్ల లెక్క దానికి వర్తిస్తుందని అనుకోకండి. తాతగారి వారసులందరి నుంచి ఒక పేజీ అనుమతి పత్రం తీసుకోండి. నమూనా పంపుతాను. స్కాన్ ప్రతి ఒకటి ఆ ఇంటికి ఇస్తామని కూడా అందులో రాయండి.

రాయపేట పరిశోధన | శనివారం సాయంత్రం 6:20

వెళ్లి వచ్చాం, పిచ్చి గారు కూడా వచ్చారు. రెండూ 16 ఎంఎం. దసరా డబ్బా వెనిగర్ వాసన వేసింది, చుట్ట బిగుసుకుంది, ముట్టుకోకుండా మూసేశాం. పేరు లేని డబ్బా మూత అరగంట తట్టాక వచ్చింది. ఫిల్ము నిగనిగలాడుతూ ఉంది, వాసన లేదు. మొదటి అడుగున్నరలో ఒక మిద్దె, జరీ టోపీ పెట్టుకున్న పిల్లవాడు, వెనక వీధిలో ఏదో పెద్దది, సగం మాత్రమే. ట్రామా బస్సా అని పిచ్చి గారికీ నాకూ అక్కడే వాదన మొదలైంది. అమ్మమ్మ గారు ఇద్దరికీ కాఫీ ఇచ్చి, "ఆ పిల్లవాడు మా పెద్ద తమ్ముడు, ఆ టోపీ కోసం రెండు రోజులు ఏడ్చాడు" అన్నారు. అనుమతి పత్రంలో మొదటి సంతకం ఆవిడదే. అంచు గుర్తుల ఫోటో పంపాను పెద్దాయనా. సోమవారం స్కానింగ్‌కు తీసుకెళ్తున్నాను.

సాలిగ్రామం ల్యాబు | శనివారం రాత్రి 8:02

ఫోటో మసకగా ఉంది, కిటికీ దగ్గర ఇంకొకటి తీయి. సోమవారం డబ్బాను స్కూటర్ డిక్కీలో పెట్టవద్దు, ఎండకు లోపల పొయ్యిలా ఉంటుంది. ఆటోలో ఒడిలో పెట్టుకుని వెళ్లు.